నవ్వుతూ "వద్దు" అంటే ఆపాలా?

మాకు పెళ్ళయి నాలుగేళ్ళు, ఇద్దరికీ ముప్పై దాటాయి. కితకితల ఆట ఇద్దరికీ ఇష్టమే, అడిగే మొదలుపెడతాం. మొన్న మెత్తటి గుడ్డతో తన చేతులు కట్టి అరికాళ్ళలో కితకితలు పెడుతుంటే తను పకపకా నవ్వుతూ "వద్దు వద్దు" అంది, ఎప్పుడూ అనేదే కదా అని నేను ఆపలేదు. చూస్తే కళ్ళలో నీళ్ళు, ఊపిరి అందడం లేదు. వెంటనే విప్పేశాను గానీ ఆ రోజంతా తను సరిగ్గా మాట్లాడలేదు. ఇప్పుడు ఏం చేయాలి?

జవాబు 1:
ఆ నవ్వును నమ్మకండి. లోపల భయంగా ఉన్నా ఒళ్ళు దానంతట అదే నవ్వేస్తుంది. మన కితకితలు మనమే పెట్టుకుంటే నవ్వు రాదు చూడండి, చెయ్యి ఎక్కడ తగలబోతోందో చిన్నమెదడు ముందే పసిగడుతుంది కాబట్టి. వేరేవాళ్ళు పెడితే ఆ అదుపు ఉండదు, చేతులు కట్టేస్తే అసలే ఉండదు. మేము "పసుపు" అంటే నెమ్మదిస్తాం, "ఎరుపు" అంటే ఆపేస్తాం. ఊపిరాడనప్పుడు మాట కూడా రాదు, అందుకని చేతిలో తాళాల గుత్తి పెడతాం, అది గలగలమని కింద పడితే ఆట అయిపోయినట్టే.

జవాబు 2:
నేను పెట్టించుకునే వైపు మనిషిని. ఒకసారి ఆపమన్నాక మా ఆయన "ఇంకో పది సెకన్లే" అని కొనసాగించారు. ఆ తర్వాత నెలల తరబడి ఆయన చెయ్యి మామూలుగా నడుముకు తగిలినా ఒళ్ళు బిగుసుకుపోయేది. ఇప్పుడు నేను గుర్తు ఇవ్వగానే రెండు చేతులూ పైకెత్తి చూపిస్తారు, మంచినీళ్ళు ఇచ్చి పక్కన కూర్చుంటారు. మీ ఆవిడ మౌనాన్ని తేలిగ్గా తీసుకోకండి, ఆట సంగతి ఎత్తకుండా ముందు క్షమాపణ అడగండి.

జవాబు 3:
కట్టడం గురించి ఒక మాట. ముడి కింద రెండు వేళ్ళు దూరాలి, కత్తెర అందేంత దూరంలో ఉండాలి. వేళ్ళు చల్లబడినా తిమ్మిరెక్కినా వెంటనే విప్పేయండి, కట్టాక గది వదిలి వెళ్ళొద్దు, ఛాతీ మీద కూర్చోవద్దు. ఆస్తమా ఉంటే మొదలుపెట్టకముందే చెప్పుకోవాలి. మద్యం తాగినప్పుడు అసలు వద్దు.

ప్రశ్న అడిగినవారు:
రాత్రి తనతో మాట్లాడాను. ఆ రోజు "వద్దు" నిజంగానే అన్నానంది, చివర్లో నన్ను చూసి భయమేసిందంది. సారీ చెప్పాను. కొన్నాళ్ళు ఈ ఆట వద్దంది, సరే అన్నాను.