అప్‌డేట్: హిప్పీ టైడై (బట్టను మెలిపెట్టి కట్టి రంగులేసే పద్ధతి) చొక్కా రంగు ఎందుకు పోయిందో తేలింది

వుడ్‌స్టాక్ (1969లో అమెరికాలో జరిగిన సంగీతోత్సవం) నాటి సుడి డిజైన్ వేస్తే రంగు మొదటి ఉతుకులోనే పోయిందనీ, నడిమధ్య బురదలా అయిందనీ చెప్పి, ఎందుకో ఇంతకుముందు అడిగాను. తప్పులు రెండు.

మొదటిది సోడా. వాడింది వంటసోడా, కావాల్సింది చాకలి సోడా. 1956లో బ్రిటిష్ రసాయన కంపెనీ ఐసీఐ తెచ్చిన ప్రోసియాన్ లాంటి రియాక్టివ్ రంగు నూలుపోగును రసాయనికంగా పట్టుకోవాలంటే అంత క్షారం ఉండాల్సిందే. లీటరు నీళ్లకు 60 గ్రాముల చాకలి సోడా, అందులో బట్టను 20 నిమిషాలు నానబెట్టాలి. బట్ట నూటికి నూరూ నూలే. పాలిస్టర్‌కి ఈ రంగు అంటదు. గంజి ముందే ఉతికి వదిలించాలి.

రెండోది రంగుల వరస. పసుపు పక్కన ఊదా పడితే కలిసేచోట మట్టిరంగే. చొక్కా నడుమ చిటికెతో పట్టి చక్రంలా మెలిపెట్టి, మూడు రబ్బరు బ్యాండ్లు వేస్తే ఆరు ముక్కలొస్తాయి. ముక్కకో రంగు, ఈ వరసలోనే: పసుపు, నారింజ, ఎరుపు, ఊదా, నీలం, ఆకుపచ్చ, అంతే. మడతల లోపలికి సీసా మూతి దూర్చి పోయకపోతే లోపలంతా తెలుపే (కొందరికి అదే ముద్దు).

ప్లాస్టిక్ కవర్లో 24 గంటలు, తడి ఆరకుండా. తర్వాత కట్లు విప్పకుండానే చన్నీళ్లలో జాడించి, విప్పాక వేణ్నీళ్లలో. రంగు పొడి కలిపేటప్పుడు మాస్కు తప్పనిసరి.