మూకీ సినిమా స్పీడు తగ్గిస్తే సబ్‌టైటిల్స్ తప్పుతున్నాయి

దర్శకుడు మూర్నౌ 1922లో తీసిన జర్మన్ మూకీ ‘డెర్ బ్రెన్నెండె ఆకర్’ ఫైల్ నా దగ్గరుంది. రైతు కొడుకు, దొరల ఇంటి ప్రేమలు, పొలం కింద పెట్రోలియం, మంచి కథే! కానీ సెకనుకు 24 ఫ్రేములతో ఆడుతుంటే మనుషులు పరుగులు పెడుతున్నట్టుంది. వీడియోలు మార్చే ఎఫ్ఎఫ్ఎంపెగ్ ప్రోగ్రామ్‌తో 18కి తగ్గించి కొత్త ఎంపీ4 చేశాను. నడక సహజంగా వచ్చింది, సంగీతం ఎలాగూ తీసేశాను. విడిగా ఉన్న ఎస్ఆర్‌టీ (మాటలు, వాటి టైములు ఉండే ఫైల్) సబ్‌టైటిల్స్ మాత్రం ముందే వచ్చేస్తున్నాయి. పాత ఫైల్లో 30వ నిమిషంలో ఉన్న మాటల కార్డు (తెర మీద రాత) ఇప్పుడు 40వ నిమిషంలో పడుతోంది. వీఎల్‌సీ ప్లేయర్‌లో సబ్‌టైటిల్స్‌కి డిలే పెడితే ఆ ఒక్క సీనుకే సరిపోతోంది, తర్వాత మళ్లీ తేడా. ఎస్ఆర్‌టీలోని టైమింగులన్నీ ఒకేసారి 4/3 రెట్లు సాగదీయడానికి ఏ ఉచిత సాఫ్ట్‌వేర్‌లో ఏ ఆప్షన్ వాడాలి?