ఐదేళ్ల బాబుకు సెన్సరీ (ఇంద్రియ స్పందనల) ఇబ్బందులు: ఆరు నెలల థెరపీకి ముందే డబ్బు కట్టవచ్చా?

ప్రశ్న (ఒక తల్లి, కాకినాడ)
మా బాబుకు ఐదేళ్లు నిండాయి. మాటలు బాగానే వచ్చాయి. కానీ మిక్సీ వేస్తే రెండు చెవులూ మూసుకుని పెరట్లోకి పరుగెత్తుతాడు, పెరుగన్నం వేళ్లకు అంటితే కడిగేదాకా ఏడుపు ఆపడు, మెడ వెనుక లేబుల్ కత్తిరించనిదే కొత్త చొక్కా తొడుక్కోడు. ఉయ్యాల ఎక్కితే మాత్రం గంటసేపైనా దిగడు. ఒక థెరపీ కేంద్రంవారు పావుగంట చూసి ఇది సెన్సరీ సమస్య అని తేల్చి, వారానికి ఐదు రోజుల చొప్పున ఆరు నెలల ఫీజు ముందే కట్టమంటున్నారు. మా అత్తగారేమో గారాబం ఎక్కువైందంటున్నారు. ఎవరి మాట వినాలో పాలుపోవడం లేదు.

జవాబు 1 (ఆక్యుపేషనల్ థెరపిస్టు)
అమ్మా, మీరు చెప్పిన తీరు చూస్తే గారాబంలా లేదు. అలాగని పావుగంటలో తేలే విషయమూ కాదు. చూపు, వినికిడి, స్పర్శలతో పాటు లోపలి చెవి నుంచి సమతూకం గురించి, కండరాలు, కీళ్ల నుంచి ఒంటి కదలిక గురించి మెదడుకు నిరంతరం కబురు అందుతూ ఉంటుంది. కొందరు పిల్లలకు అందులో కొన్ని భరించలేనంత గట్టిగానూ, కొన్ని చాలీచాలనట్టుగానూ అందుతాయన్న అవగాహన మీద అమెరికా థెరపిస్టు జీన్ ఏర్స్ సెన్సరీ ఇంటిగ్రేషన్ అనే ఈ థెరపీ పద్ధతిని రూపొందించారు. ఏ కేంద్రానికి వెళ్లినా లక్ష్యం ఏమిటని ముందుగా అడగండి. "సెన్సరీ మెరుగవుతుంది" అంటే చాలదు. "పెరుగన్నం నాలుగు ముద్దలు తన చేత్తో తింటాడు" అన్నంత స్పష్టంగా, మీరు ఇంట్లో చూసుకోగలిగేలా రాసి ఇవ్వాలి. ఈలోగా చపాతీ పిండి పిసికించండి, మొక్కలకు చెంబుతో నీళ్లు మోయించండి, మిక్సీ వేసే ముందు చెప్పి, వీలైతే స్విచ్ బాబు చేతే వేయించండి.

జవాబు 2 (ఒక తండ్రి, వరంగల్)
మా అబ్బాయికి క్షవరం అంటే వీధి వీధంతా వినిపించేది. థెరపిస్టు సలహా మీద, ఆగి ఉన్న ట్రిమ్మర్‌ను కొన్నాళ్లు ఆటవస్తువులా చేతికిచ్చాం. తర్వాత దూరంగా ఉంచి నడిపించాం, ఆపైన ముంజేతికి ఆనించాం, చివరికి రద్దీ లేని మంగళవారం ఉదయం షాపుకు తీసుకువెళ్లాం. నాలుగు నెలలు పట్టింది. అదే సమయంలో ఒంటి మీద ఒత్తిడి పడితే పిల్లలు నెమ్మదిస్తారని ఎవరో చెబితే కొన్న, బరువులు కుట్టిన జాకెట్టు మాత్రం బీరువాలోనే ఉంది; వాడు దాన్ని రెండు నిమిషాలు కూడా ఉంచుకోలేదు.

జవాబు 3 (పిల్లల వైద్యుడు)
మొదట వినికిడి పరీక్ష, ఎదుగుదల పరీక్ష చేయించండి. ఇంద్రియ స్పందనల్లో తేడాలను 2013 నాటి డీఎస్ఎం-5 (మానసిక రుగ్మతల నిర్ధారణకు అమెరికా మానసిక వైద్యుల సంఘం ప్రచురించిన గ్రంథం) ఆటిజం లక్షణాల్లో చేర్చిందే గానీ విడి జబ్బుగా గుర్తించలేదు. కాబట్టి దీని వెనుక ఆటిజమో, ఏకాగ్రత లోపమో ఉందేమో చూడకుండా థెరపీ మొదలుపెట్టడం తొందరపాటు. ఈ థెరపీకి ఆధారాలు పరిమితమని తల్లిదండ్రులకు చెప్పాలని అమెరికా పిల్లల వైద్యుల అకాడమీ 2012లోనే సూచించింది. 138 మంది ఆటిజం పిల్లలతో బ్రిటన్‌లో జరిగి 2022లో వెలువడిన అధ్యయనంలో, చిరాకు, అలజడుల విషయంలో మామూలు సేవలకన్నా ఇది మెరుగని తేలలేదు. పనికిరాదని నేననను, కానీ ఆరు నెలల సొమ్ము ముందే కట్టకండి. రెండు నెలలకు ఒప్పుకుని, రాసుకున్న లక్ష్యం కదిలిందో లేదో చూసి కొనసాగించండి. పిల్లల ఎదుగుదల లోపాలను తొందరగా గుర్తించేందుకు జిల్లాల్లో ఉన్న ప్రభుత్వ డీఈఐసీ కేంద్రాల్లో పరీక్షలు ఉచితం. హైదరాబాద్ వైపు వెళ్లగలిగితే సికింద్రాబాద్ మనోవికాస్ నగర్‌లో బుద్ధిమాంద్యం ఉన్నవారి కోసం పనిచేసే జాతీయ సంస్థ ఎన్ఐఈపీఐడీ ఉంది.

ప్రశ్న అడిగినవారు
అందరికీ కృతజ్ఞతలు. శనివారం వినికిడి పరీక్షకు వెళ్తున్నాం. నిన్న మిక్సీ స్విచ్ బాబు చేతే వేయించాను. ఒక చెయ్యి చెవి మీదే ఉంచుకుని, మూడు అంకెలు లెక్కపెట్టి, తానే ఆపేశాడు.