కున్‌షాన్‌లో ఉద్యోగం: అడ్రస్‌లో రెండు సిటీలు ఎందుకున్నాయి?

అందరికీ నమస్కారం. వచ్చే నెల ఉద్యోగానికి చైనా వస్తున్నాను. ఆఫర్ లెటర్‌లో జియాంగ్సు ప్రావిన్స్, సుజౌ సిటీ, కున్‌షాన్ సిటీ అని ఉంది. ఇంతకీ నేను ఉండబోయేది ఏ ఊళ్లో? షాంఘైలో ఇల్లు తీసుకుని రోజూ వెళ్లిరావచ్చా?

జవాబు

తమ్ముడూ, రెండూ సరైనవే. నువ్వుండేది కున్‌షాన్‌లో. సుజౌ ‘షి’ని, అంటే సుజౌ సిటీని, మన జిల్లా లాంటిది అనుకో. సుజౌ నగరంతో పాటు కున్‌షాన్, చాంగ్‌షు, జాంగ్‌జియాగాంగ్, తైత్సాంగ్ అనే నాలుగు చిన్న సిటీలు దాని కిందికే వస్తాయి. కున్‌షాన్ కింద మళ్లీ హువాచియావ్ లాంటి ‘జెన్’లు, అంటే టౌన్లు. షాంఘై మాత్రం ఏ ప్రావిన్స్‌లోనూ లేదు, బీజింగ్ లాగా నేరుగా కేంద్రం కిందే.

ఈ వరస బాగా గుర్తుపెట్టుకో, రోజూ పనికొస్తుంది. ఇక్కడ అడ్రస్ పెద్దదాని నుంచి చిన్నదానికి రాస్తారు: ప్రావిన్స్, సిటీ, టౌన్, రోడ్డు, నంబరు, బిల్డింగ్, యూనిట్ (అంటే బిల్డింగ్‌లో ఒక్కో మెట్ల ద్వారం), చివర్లో గది. టావ్‌బావ్ అనే ఆన్‌లైన్ షాపింగ్ యాప్‌లో కున్‌షాన్ కావాలంటే ముందు జియాంగ్సు, తర్వాత సుజౌ నొక్కాలి, అప్పుడు కనిపిస్తుంది. డెలివరీ అబ్బాయి ఫోన్ చేసి "జి హావ్ లౌ, జి దాన్‌యువాన్?" అంటాడు, ఎన్నో బిల్డింగ్, ఎన్నో యూనిట్ అని. ఆ రెండు నంబర్లు చైనీస్‌లో చెప్పడం వచ్చే ముందే నేర్చుకో. అద్దె అగ్రిమెంట్‌లో ఉన్న చైనీస్ అడ్రస్‌ని యథాతథంగా ఫోన్‌లో దాచుకో. ఇంగ్లీష్ అడ్రస్‌ని నమ్ముకోవద్దు.

ఇక ఇల్లు. షాంఘై మెట్రో 11వ లైను హువాచియావ్ దాకా వస్తుంది. 2023 నుంచి సుజౌ మెట్రో 11వ లైను కూడా అక్కడే కలుస్తోంది. కాబట్టి హువాచియావ్‌లో ఉంటే రెండు వైపులా హాయిగా తిరగొచ్చు. షాంఘై లైనులో షాంఘై వైపు కొన్ని స్టేషన్లు దాటితే ఆన్‌టింగ్ వస్తుంది. అది షాంఘైలోని జియాదింగ్ జిల్లా. రైలు అదే, అపార్ట్‌మెంట్లూ అలాగే ఉంటాయి, కానీ పోలీసులు వేరు. హోటల్ కాకుండా ఇంట్లో దిగితే 24 గంటల్లోగా ఆ ప్రాంతపు పాయ్‌ఛుసువోలో, అంటే పోలీస్ స్టేషన్లో, పేరు నమోదు చేయించుకోవాలి. ఉద్యోగ వీసా మీద వస్తే దేశంలో అడుగుపెట్టిన 30 రోజుల్లోగా రెసిడెన్స్ పర్మిట్‌కి దరఖాస్తు పెట్టాలి. ఆ పర్మిట్‌లో నమోదైన వివరాలు మారితే 10 రోజుల్లో తెలియజేయాలి. అందుకే ఆన్‌టింగ్ వైపు అద్దె తక్కువని ఎవరు చెప్పినా, మీ హెచ్‌ఆర్‌ని అడగకుండా సంతకం పెట్టొద్దు. ఈ విషయం మాత్రం దయచేసి తేలిగ్గా తీసుకోకు.

ఇంకో జవాబు

అన్న చెప్పినదానికి నాదొక మాట, బాబూ. రైలు టికెట్ కొనేటప్పుడు జాగ్రత్త. ఆన్‌హుయ్ ప్రావిన్స్‌లో ఇంకో సుజౌ ఉంది. ఇంగ్లీష్ స్పెల్లింగ్ ఒకటే, చైనీస్‌లో మొదటి అక్షరం మాత్రం వేరు. పైగా రెండు ఊళ్లకూ బీజింగ్-షాంఘై హైస్పీడ్ లైను మీదే స్టేషన్లున్నాయి. నీకు కావలసింది సుజౌ నార్త్, ఆన్‌హుయ్‌ది సుజౌ ఈస్ట్. ఇంకా మంచిది, నేరుగా కున్‌షాన్ సౌత్‌కే టికెట్ తీసుకో. కున్‌షాన్‌లో ఆగే రైళ్లు షాంఘై నుంచి బోలెడున్నాయి.