తమ్ముడు అబ్‌స్ట్రాక్ట్ పెయింటింగే వేస్తానంటున్నాడు, దీంట్లో బతుకుతెరువు ఉంటదా?

పానగల్ అక్క:
మాది నల్లగొండ. తమ్ముడు హైదరాబాద్‌లో జేఎన్‌ఏఎఫ్‌ఏయూ ఫైన్ ఆర్ట్స్ యూనివర్సిటీలో బీఎఫ్‌ఏ (బొమ్మల డిగ్రీ) ఆఖరి సంవత్సరం. ఇదివరకు బోనాలెత్తుకున్న ఆడవాళ్లను, ఛాయా సోమేశ్వర గుడిని వేసేవాడు, చుట్టాలందరూ మెచ్చుకునేవాళ్లు. ఇప్పుడవన్నీ బంద్ పెట్టి కాన్వాస్ నిండా బూడిద రంగు, దాని మీద ఇంకో బూడిద రంగు, ఓ మూలన సన్నగా ఎర్ర గీత. నాయిన "ఇదేం బొమ్మరా" అంటే "బొమ్మ కాదు, రంగే" అంటాడు. ఇగ చూడండి ఇంట్లో లొల్లి. గైతోండే అనే ఆయన పెయింటింగ్ కోట్లకు పోయిందని నాకు ఫోన్‌లో చూపిస్తాడు. నాకైతే టెన్షన్‌గా ఉంది. తెలిసినవాళ్లు చెప్పండి.

గ్యాలరీలో పనిచేసినోడు:
అక్కా, ఆ కోట్ల లెక్క నిజమే, కానీ సగమే చెప్పాడు మీ తమ్ముడు. గైతోండే 1924లో నాగపూర్‌లో పుట్టాడు, 1948లో ముంబై జేజే ఆర్ట్ స్కూల్‌లో డిప్లొమా, 1964లో రాక్‌ఫెల్లర్ ఫెలోషిప్ మీద న్యూయార్క్ వెళ్లాడు. రోలర్‌తో, పాలెట్ నైఫ్‌తో రంగు పొరలు వేస్తూ గీకుతూ, ఏడాదికి చాలా కొద్ది కాన్వాసులే పూర్తి చేసేవాడు. 2001లో పోయాడు. 2015లో ముంబై క్రిస్టీస్ వేలంలో ఆయన కాన్వాస్ ఒకటి 29 కోట్లు దాటింది. అప్పటికి మనిషి లేడు. ఉన్నా ఆ డబ్బు ఆయనకు రాదు, అమ్మకానికి పెట్టినవాళ్లకు పోతుంది. కాపీరైట్ చట్టం 53ఏ సెక్షన్‌లో, పది వేలు దాటి తిరిగి అమ్ముడైతే ఆర్టిస్టుకు 10 శాతం దాకా వాటా అని రాసి ఉంది, అడిగి తీసుకున్నవాళ్లను నేనైతే చూడలేదు. ఆర్టిస్టు చేతికి వచ్చేది మొదటి అమ్మకం డబ్బే, అందులోనూ గ్యాలరీ చాలాసార్లు సగం దాకా పట్టుకుంటుంది.

దేవరకొండ శీను:
అంత లొల్లి ఎందుకు, ఆర్టిస్టు తోట వైకుంఠం గారి లాగా పెద్ద బొట్టు పెట్టుకున్న తెలంగాణ ఆడవాళ్లను వేస్తే ఇంట్లో గోడకు పెట్టుకునేటోళ్లు బోలెడు మంది. బూడిద రంగు ఎవడు కొంటడు?

పాలమూరు డ్రాయింగ్ సార్:
శీనూ, వైకుంఠం గారి లాగా వేసేవాళ్లు ఇప్పటికే వందల్లో ఉన్నారు, ఆ గిరాకీ ఆయనది, వీళ్లది కాదు. మన మధిరలో పుట్టిన సూర్యప్రకాశ్ గారు తుప్పు పట్టిన కార్ల తుక్కును వేశారు, దగ్గరికి పోయి చూస్తే కారు కనపడదు, తుప్పు రంగే కనపడుతుంది. అది కూడా జనం చూశారు కదా.

అమ్మా, నాయినగారికి పెద్ద పెయింటర్ ఎస్.హెచ్. రజా సంగతి చెప్పండి. ముంబైలో అచ్చు బ్లాకులు చేసే స్టూడియోలో ఉద్యోగం చేస్తూ బొమ్మలేశాడు, 1950లో స్కాలర్‌షిప్ మీద పారిస్ వెళ్లాడు, చాలా ఏళ్లు ఊళ్లూ ఇళ్లూ చెట్లే వేశాడు. ఆయనకు పేరు తెచ్చిన ఆ నల్లటి గుండ్రటి బిందువు బొమ్మల దగ్గరికి వచ్చేసరికి ఆయన వయసు యాభై దాటింది. అబ్‌స్ట్రాక్ట్‌లో పేరు రావడానికి అంత కాలం పడుతుంది, అంతదాకా తిండికి ఇంకో దారి ఉండాలి, అంతే. బీఎఫ్‌ఏ ఉంటే గురుకులాల ఆర్ట్ టీచర్ పోస్టులు పడ్డప్పుడు రాయొచ్చు. కేంద్ర సాంస్కృతిక శాఖ 18 నుంచి 25 ఏళ్ల కళాకారులకు రెండేళ్ల పాటు నెలకు 5,000 స్కాలర్‌షిప్ ఇస్తుంది, దానికి ఇప్పుడే అప్లై చేయించండి. బొమ్మలు మాననివ్వకండి గానీ, ఆ బూడిద రంగు ఎక్కడ్నుంచి వచ్చిందో ఒకసారి అడగండి.

పానగల్ అక్క:
అడిగాను సార్. ఎండాకాలం ఉదయసముద్రం చెరువు అడుగు అంట, నీళ్లు తగ్గినంక నెర్రెలు పడ్డ మట్టి. ఎర్ర గీత ఏందో మాత్రం చెప్పలేదు. అది విన్నాక నాయిన ఇంకోసారి పోయి కాన్వాస్ చూసిండు, ఏం అనలే. ఉద్యోగం సంగతి తమ్ముడు కాదనలేదు, సిటీలోనే ఉంటానంటున్నాడు. ఎగ్జిబిషన్ ఎట్లా మొదలుపెట్టాలి?

గ్యాలరీలో పనిచేసినోడు:
సోలో షోకు ఇప్పుడే తొందర వద్దు అక్కా, హాలు అద్దె, ఫ్రేములు, బండి కిరాయి కలిపితే చేతి డబ్బులు పోతాయి. ముందు గ్రూప్ షోల్లో పెట్టమనండి, లలిత కళా అకాడమీ నేషనల్ ఎగ్జిబిషన్‌కు ఎంట్రీ పంపమనండి. ప్రతి కాన్వాస్ వెనక పేరు, సైజు, ఏ రంగులు, ఏ సంవత్సరం రాయాలి. పగటి వెలుతురులో ఫ్లాష్ లేకుండా ఫొటో తీసిపెట్టుకోవాలి. గ్యాలరీకి ఇచ్చేటప్పుడు ఎన్ని ఇచ్చాడో, ధర ఎంతో, కమిషన్ ఎంతో కాగితం మీద సంతకం లేకుండా ఒక్కటి కూడా ఇవ్వొద్దు, తెలిసినవాళ్లయినా సరే. నా దోస్తువి రెండు కాన్వాసులు అట్లానే పోయినయి.