‘సూపర్‌సిలియస్’ పొగడ్తా, తెగడ్తా?

ప్రశ్న:
మా ఆఫీసులో ఏటా ఇచ్చే పనితీరు నివేదికలో, ఖాతాదారులతో నేను మాట్లాడే పద్ధతి ‘సూపర్‌సిలియస్’గా ఉంటోందని రాశారు. ముందు ‘సూపర్’ కనబడగానే మెప్పు అనుకొని ఇంట్లో గొప్పగా చెప్పుకున్నాను. మా అమ్మాయి నిఘంటువు తీసి చూపించాక గానీ అది తలబిరుసుకు పేరని తెలియలేదు. ఇంత మంచిగా వినిపించే విశేషణంలోకి ఆ అర్థం ఎలా వచ్చింది? దీనికి దీటైన తెలుగు మాట ఏమిటి?

జవాబు 1:
ఇది సినిమా చూసి వచ్చి మనం అనే సూపర్ కాదండీ. లాటిన్‌లో ‘సూపర్’ అంటే పైన, ‘సిలియమ్’ అంటే కనురెప్ప. రెప్పకు పైన ఉంటుంది కనుక కనుబొమకు ‘సూపర్‌సిలియమ్’ అని పేరు. కనుబొమ దగ్గర ఉబ్బెత్తుగా ఉండే ఎముకను వైద్య విద్యార్థులు ఇప్పటికీ సూపర్‌సిలియరీ ఆర్చ్ అనే చదువుకుంటారు. ఎదుటివారిని లెక్కచేయనివాడు కనుబొమ పైకెత్తి చూస్తాడు కదా, ఆ చూపును బట్టి రోమనుల నాటికే ఆ మాటకు పొగరు అనే అర్థం కూడా స్థిరపడింది. క్రీ.శ. 79లో వెసూవియస్ అగ్నిపర్వతం బద్దలైనప్పుడు మరణించిన రోమన్ రచయిత ప్లినీ, గర్వం పుట్టేది గుండెలోనే అయినా పైకి ఎగబాకి కనుబొమల మీద కొలువుంటుందని, తానొక్కటే ఉండటానికి ఒంట్లో అంతకంటే ఎత్తైన, నిటారైన చోటు దానికి దొరకలేదని రాశాడు. ఇంగ్లీషులోకి ఈ విశేషణం 16వ శతాబ్దంలో వచ్చింది.

జవాబు 2:
పై వివరణకు చిన్న చేర్పు. లాటిన్‌లో కనుబొమ పొగరుకే కాదు, కాఠిన్యానికి కూడా గుర్తు. రోమన్ తత్వవేత్త సెనెకా ఒక లేఖలో, ఇతరుల బతుకుల మీద తీర్పులు చెప్పే చిటపటల మనుషులకు ఇదే విశేషణం వాడాడు. మన ‘భ్రుకుటి’ ఆ రెండో దారిలోనే నడిచి కోపం దగ్గర ఆగింది. (ఆ ‘భ్రూ’కూ ఇంగ్లీషు ‘బ్రౌ’కూ మూలం ఒకటే.)

ఇక తెలుగు మాట. ‘అహంకారి’ సరిపోదని నా అభిప్రాయం, ఎందుకంటే గదిలో ఒక్కడే కూర్చున్నా మనిషి అహంకారి కావచ్చు గానీ, సూపర్‌సిలియస్ కావాలంటే ఎదురుగా చులకన చేయడానికి ఇంకొకరు ఉండాలి. ‘కళ్ళు నెత్తికెక్కాయి’ అనే నానుడి లాటిన్ మాటకు బాగా దగ్గరగా ఉన్నా, నివేదికలో రాయదగినది కాదు. ‘చిన్నచూపు చూడటం’ అంటే సరిగ్గా అతుకుతుంది.

ప్రశ్న అడిగినవారు:
ఇద్దరికీ ధన్యవాదాలు. ఖాతాదారుడు ఒకే సందేహాన్ని రెండోసారి అడిగినట్టు ఊహించుకొని, ఫోను కెమెరా ముందు జవాబు చెప్పి చూసుకున్నాను. నోరు తెరవక ముందే ఎడమ కనుబొమ లేస్తోంది.