బ్యాంకు డిక్రీ బాకీకి వాయిదాలు: సమ్మతి ఎలా రాబట్టాలి?

వ్యక్తిగత రుణంపై బ్యాంకు నా మీద వేసిన దావా సివిల్ కోర్టులో డిక్రీ అయింది, అంటే బాకీ కట్టాలని కోర్టు తీర్పు ఇచ్చింది. తనఖా లేదు. ఖర్చులతో కలిపి 4,80,000 రూపాయలు. నెలకు 20,000 చొప్పున 24 నెలలు కట్టే స్తోమత ఉంది, డిక్రీ తర్వాతి వడ్డీ దీనికి అదనం.

సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 20 రూల్ 11 ప్రకారం డిక్రీ ఇచ్చేటప్పుడైతే కోర్టే తగిన కారణం చూసి వాయిదాలు పెట్టవచ్చు. ఆ అవకాశం దాటిపోయింది. ఇప్పుడు డిక్రీదారు, అంటే బ్యాంకు, సమ్మతి తప్పనిసరి, పైగా లిమిటేషన్ చట్టం ఆర్టికల్ 126 కింద వాయిదాల దరఖాస్తుకు గడువు డిక్రీ తేదీ నుంచి 30 రోజులే. అందులో 11 అయిపోయాయి.

బ్యాంకు లాయరు కోర్టులో మెమో (చిన్న రాతపూర్వక పత్రం) వేస్తే సమ్మతిగా సరిపోతుందా, అధికారి సంతకంతో లేఖ కావాలా? బ్రాంచిలో నోటిమాటగా ‘చూద్దాం’ అంటున్నారు, అది కోర్టులో దేనికీ పనికిరాదు కదా.

ఒక్క వాయిదా తప్పితే మొత్తం ఒకేసారి కట్టాలనే షరతును ‘వరుసగా రెండు తప్పితే’ అని మార్చమంటే ఒప్పుకుంటారా? జీతం ఆలస్యమైన నెలలోనే చిక్కు.

ఇంకొకటి: నేరుగా రుణ ఖాతాలో కట్టినవి ఆర్డర్ 21 రూల్ 2 కింద కోర్టులో నమోదు కాకపోతే డిక్రీని అమలు చేసే కోర్టు లెక్కలోకి తీసుకోదు. ప్రతి నెలా పిటిషన్ వేయాలా, లేక కోర్టులోనే డిపాజిట్ చేయడం మేలా? ఇలాంటివి నడిపినవారు చెప్పగలరు.